అవ్వ నీళ్ళ పుస్తకం గురించి, ఇంగ్లండ్ షెఫీల్డ్ నుంచి

అమ్మా,

బాగుండారా అందరూ. నాయన షుగర్ మాత్రలు టయానికి ఏస్కుంటాండాడా. ఫోన్ ఉండగా ఈ కాయితాలేందిరా అంటావని తెలుసు, కానీ మొన్న వీడియో కాల్లో అవ్వ నా మూతి దిక్కే చూస్తా "ఏమంటాండాడే వీడు" అని నిన్ను మూడుసార్లు అడిగింది చూడు, అప్పుడే అనుకుంటి ఈసారి రాద్దామని. ఇది నువ్వు ఆమె చెవికాడ కూర్చోని గట్టిగా చదవాల. నాయన గురించి రాసిన ముక్క వచ్చినప్పుడు మాత్రం గొంతు తగ్గించు.

నా పని సంగతి మీకెప్పుడూ సరిగా చెప్పలేదు. నీళ్ళ కంపెనీ అనేసరికి నాయన బజార్లో నన్ను ఇంజనీర్ని చేసి పెట్టినాడంట. ఇంజనీరు కాదు మా. రాత్రి పదకొండు దాటి బండ్లు తగ్గినాక ఈ వీధుల్లో ఒక కట్టె పట్టుకోని తిరుగుతా. లిజనింగ్ స్టిక్ అంటారు, ఒక కొన పైపు వాల్వ్ మీద పెట్టి ఇంకో కొన చెవికి ఆనిస్తే భూమిలో పైపు యాడన్నా కారుతాంటే ష్‌ష్‌ష్ అని సన్నగా వినబడ్తాది. ఇనప పైపైతే దూరం నుంచే చెప్తాది, ప్లాస్టిక్ పైపు మొండిది, పక్కకి పోతేగానీ నోరు తెరవదు. మిషన్ గూడా ఉంది, పైపుకి రెండు పక్కలా సెన్సర్లు తగిలిస్తే శబ్దం ఏ పక్కకి ముందు చేరింది, ఎంత తేడాతో చేరింది అని లెక్కేసి ఈడ తవ్వండి అని చూపిస్తాది. అయినా మా టీంలో ఒక పెద్దాయన ఉండాడు, రిటైర్మెంట్ దగ్గర పడింది, మిషన్ చెప్పినా సరే కట్టె ఆనించి వినందే తవ్వనియ్యడు.

మొదటి రాత్రి కట్టె చెవికి పెట్టుకోంగానే నాకు అవ్వ బిందె గుర్తొచ్చింది మా. కరెంటు పోయిన రాత్రుల్లో నన్నూ చెల్లినీ కూర్చోబెట్టి ఖాళీ బిందె చెవికి ఆనించి "పేజీ తిరిగింది, ఇనండి" అనేది కదా. నీళ్ళ పుస్తకం. అక్షరాలుండవు, శబ్దాలే పేజీలు. ఒక పేజీలో బాయి గిలక, ఒక పేజీలో ఎవురో రోకలి పోటు ఏస్తా ఆగి నవ్వేది, ఒక పేజీ మొత్తం తాత దగ్గే, ఇంకోదాంట్లో సందకాడ బర్రెలు ఇల్లు చేరేది. నీళ్ళు దిగినప్పుడే పేజీ తిరుగుతాదని, చదివేటోళ్ళు అబద్ధమాడితే పేజీలు అతుక్కుంటాయని, నీళ్ళలో మునిగినోళ్ళు యా పక్క నుంచి పిలుపొస్తాందో తెలుసుకోలేరని రూల్సు గూడా ఉండేవి. పుస్తకం యాడుందవ్వా అంటే పాత ఊర్లో గూట్లో పెట్టి మర్చిపోయి వస్తిననేది. మేము నిజంగానే ఉందనుకుంటిమి, చెల్లి అయితే ఏడ్చేది, తడిసిపోయింటాదని.

ఆ రూల్సులో ఒకటి నిజమేనని ఈడికొచ్చినాక తెలిసింది. నీళ్ళలో శబ్దం గాల్లో కంటే నాలుగు రెట్లకు పైనే స్పీడుగా పోతాది, రెండు చెవులకీ దాదాపు ఒకేసారి తగులుతాది, అందుకే మునిగినోడికి శబ్దం యా పక్కదో తెలీదు. సెకనుకి సుమారు 1,480 మీటర్లు. అవ్వకి ఇది ఎట్ల తెలిసిందో.

పోయిన ఆదివారం ఆ పెద్దాయన నన్ను లేడీబవర్ అనే డ్యాంకి తీసుకపోయినాడు, ఊరి నుంచి గంట గూడా పట్టదు. గట్టు పక్కన నీళ్ళలో రెండు పెద్ద గుండ్రటి బొక్కలుంటాయి, ఒక్కొక్కటి 80 అడుగుల వెడల్పు, తిరగేసిన గంట మాదిరుంటాయని బెల్‌మౌత్ అంటారు, డ్యాం నిండితే నీళ్ళు గుండ్రంగా దాంట్లోకి జారిపోతాయి. ఆ డ్యాం కింద డెర్వెంట్, యాషాప్టన్ అని రెండు ఊళ్ళు మునిగినాయి మా, 1940ల్లో. చర్చి గోపురం మాత్రం నీళ్ళలో నిలబడి ఉండేదంట, 1947లో అదీ పేల్చేసినారు. 2018లో, 2022లో కరువొస్తే గోడలు తేలినాయంట, నేను పోయినప్పుడు మాత్రం నీళ్ళు తప్ప ఏం లేవు. రాత్రిపూట నీళ్ళ కింద చర్చి గంట వినబడ్తాదని చెప్పినాడు పెద్దాయన. నేనూరుకోకుండా ఇంటికొచ్చి వెతికితే ఆ గంట డెర్బీ పక్కన చాడెస్డెన్ అనే చోట వేరే చర్చిలో ఏలాడ్తాంది. మరుసటి రాత్రి చెప్పినా. కట్టె తుడుస్తా "తెలుసు, వినబడ్తాదనే కదా అంటి, ఉందంటినా" అన్నాడు.

మన కూడవెల్లి గుడి రాయి రాయీ విప్పి అలంపురం తెచ్చి కట్టలేదా, అట్లనే. అప్పుడు అవ్వ అన్నదని నువ్వే చెప్పినావు, దేవుణ్ణంటే తీసకపోయినారు గానీ గిలక చప్పుడు ఎవురు తీసకపోతారని. 1981లో శ్రీశైలం నీళ్ళు ఊర్లోకి వచ్చేటప్పటికి నీకు పన్నెండేళ్ళు. పరిహారం కాయితాల మీద అవ్వ వేలిముద్ర వేసింది, దాంట్లో ఏముందో ఎవురూ చదివి చెప్పలేదు. చదవరాని మనిషి పుస్తకం ఎందుకు పుట్టించిందో నాకు ముప్పై ఏళ్ళొచ్చినాక అర్థమైంది, చెప్పడానికి సిగ్గుగా ఉంది.

ఇప్పుడు గొంతు తగ్గించు. అవ్వ సంగమేశ్వరం గుడికి పోదామంటే "చెవులే వినపడని ముసల్దానికి ఆడ ఏం వినబడ్తాది, నీళ్ళ మీద రాతలు" అన్నాడంట నాయన. ఆ మాట నాకు నచ్చలేదు. శ్రీశైలం డ్యాం 885 అడుగులు నిండితే ఆ గుడి శిఖరం గూడా కనపడదు, ఎండాకాలం నీళ్ళు దిగితేనే బయటపడేది, వచ్చే ఏడు అంటే ఎవురికి తెలుసు. ఆత్మకూరు మీద కారు మాట్లాడండి, దుడ్లు చెల్లి అకౌంట్లో వేసినా.

చెవుల సంగతి నేను ట్రై చేసి చూసినా. మొన్న డ్యూటీలో రెండు చెవుల్లో ప్లగ్గులు గట్టిగా పెట్టుకోని, కట్టె కొన చెవి ఎనకాల ఎముకకి ఆనించినా. పైపు కారేది వినబడింది మా, సన్నగానే గానీ వినబడింది. అవ్వకి పోయింది చెవి బయట భాగమా లోపలి నరమా నాకు తెలీదు, నరమైతే పని చేయకపోవచ్చు, అందుకే ముందే ఆశ పెట్టొద్దు. ఎండిన కట్టె, నున్నగా ఉండేది, మూరెడు పొడుగు చాలు. గుడి గోడకి ఇంకా నీళ్ళు తగుల్తాండే చోటు చూసి ఒక కొన రాయికి, ఒక కొన ఆమె చెవి ఎనక ఎముకకి. ఎవురూ మాట్లాడొద్దు ఆ కాసేపు, నాయన ఫోన్ సైలెంట్లో పెట్టించు.

ఏమన్నా చెప్తే ఆమె చెప్పింది చెప్పినట్టే రాయి, వాయిస్ మెసేజ్ వద్దు. అట్లనే ఊరు ఇడిసిన రోజు నువ్వేం విన్నావో గూడా. నీ పేజీ ఎప్పుడూ చెప్పలేదు నువ్వు.

నీ కొడుకు