కాలేజీ బాస్కెట్‌బాల్ ఫైనల్: ఆడినవారి మాటకు చోటెక్కడ?

ఖమ్మం, ఏప్రిల్ 17, 2021

సంపాదకులకు నమస్కారం.

అమెరికాలోని ఇండియానాపొలిస్ నగరంలో ఈ నెల 5వ తేదీ రాత్రి జరిగిన కళాశాలల పురుషుల బాస్కెట్‌బాల్ ఫైనల్‌లో బేలర్ విశ్వవిద్యాలయం 86-70 స్కోరుతో గొంజాగాను ఓడించి తొలిసారి విజేతగా నిలిచింది. అప్పటివరకు ఆడిన 31 ఆటల్లో ఒక్కటీ ఓడని గొంజాగా, 1976లో ఇండియానా విశ్వవిద్యాలయం తర్వాత ఓటమి లేకుండా టైటిల్ గెలిచిన జట్టుగా నిలవాలనుకుంది. రెండు రోజుల ముందు సెమీఫైనల్‌ను అదనపు సమయంలో, చివరి క్షణంలో వేసిన బాస్కెట్‌తో గట్టెక్కిన అలసట ఆ జట్టు కాళ్లలో కనిపించింది. ఆటగా చూస్తే ముచ్చటైన ముగింపే. అయితే ఈ ఫైనల్‌ను చూపించి, అమెరికావాళ్లు కరోనాలోనూ జరపగలిగినప్పుడు మన అంతర్ విశ్వవిద్యాలయ పోటీలకు ఏమొచ్చిందని నా తోటి పీడీలు (కళాశాలల వ్యాయామ అధ్యాపకులు) కొందరు అడుగుతున్నారు. కళాశాలలో పిల్లలకు ఇదే ఆట నేర్పి విశ్రాంతి తీసుకుంటున్నవాడిగా, ఆ ప్రశ్నలో ఒక ముఖ్యమైన విషయం మరుగున పడుతోందని నాకు అనిపిస్తోంది. పోటీ జరపడం సాధ్యమేనా అన్నది ఇండియానాపొలిస్‌లో తేలిపోయింది. జరపాలని ఎవరు నిర్ణయించారు, ఆ నిర్ణయం భారం ఎవరు మోశారు, లాభం ఎవరికి చేరింది అన్న ప్రశ్నలకు మాత్రం అక్కడా సరైన జవాబు దొరకలేదు.

ముందుగా, అది ఎంత ఖర్చుతో, ఎంత కట్టుదిట్టంగా జరిగిందో మన మిత్రులు గమనించాలి. మామూలు సంవత్సరాల్లో దేశమంతటా అనేక నగరాల్లో జరిగే 68 జట్ల టోర్నీని ఈసారి మొత్తంగా ఇండియానా రాష్ట్రానికే పరిమితం చేశారు. ప్రయాణానికి ముందు వరుసగా ఏడు రోజుల పరీక్షల్లో నెగెటివ్ వచ్చినవారినే రానిచ్చారు. వచ్చాక కూడా మళ్లీ రెండు పరీక్షలు తేలేదాకా గది దాటనివ్వలేదు. ఒక్కొక్కరికి ఒక్కో గది, ఒక్కో జట్టుకు హోటల్లో ప్రత్యేకంగా అంతస్తు కేటాయించి, ఎవరు ఎవరికి ఎంత దగ్గరగా, ఎంతసేపు ఉన్నారో నమోదు చేసే చిన్న పరికరాన్ని ఆటగాళ్లకు తగిలించారు. కాస్త గాలి పీల్చుకోవడానికి ఒక బేస్‌బాల్ మైదానంలోకి వంతులవారీగా వదిలారు. చివరిదాకా మిగిలిన జట్ల పిల్లలు ఇలా దాదాపు మూడు వారాలు గడిపారు.

ఇంత చేసినా రోగం బయటే ఆగలేదు. హోటల్ గదులు ఇంకా సిద్ధం కాలేదని బయటికి భోజనానికి వెళ్లిన రిఫరీల్లో ఒకరికి పాజిటివ్ రావడంతో, ఒక్క ఆట కూడా జరగకముందే ఆరుగురు రిఫరీలు ఇంటిదారి పట్టారు. ఫైనల్ ఆడిన ఈ రెండు జట్లే డిసెంబరు 5న ఇదే నగరంలో తలపడవలసి ఉండగా, గొంజాగా బృందంలో పాజిటివ్‌లు రావడంతో ఆ ఆట రద్దయింది. ఫిబ్రవరిలో బేలర్ కూడా మూడు వారాలు ఆట ఆపుకోవలసి వచ్చింది.

మార్చి 20న వర్జీనియా కామన్‌వెల్త్ విశ్వవిద్యాలయం జట్టుకు జరిగింది వీటన్నిటికన్నా బాధాకరం. ఓరెగన్‌తో ఆట మొదలు కావడానికి కొద్ది గంటల ముందు, జట్టులో పలువురికి పాజిటివ్ వచ్చిందని చెప్పి ఆ పోటీని రద్దు చేశారు. ఓరెగన్ ఆడకుండానే తర్వాతి దశకు వెళ్లింది. ఏడాది పొడవునా జాగ్రత్తలు పాటించి, గెలిచి, ఇక్కడిదాకా వచ్చిన పిల్లలు బంతి పైకి ఎగరకముందే వెనుదిరిగారు. నిర్వాహకులు చేసింది తప్పని నేను అనను, అంతకు మించి వారు చేయగలిగిందీ లేదు. అయితే 67 పోటీల్లో 66 జరిగాయని గొప్పగా చెప్పుకునేటప్పుడు, జరగని ఆ ఒక్కటి ఆ పిల్లల వాటాకే ఎందుకు వచ్చిందో కూడా ఆలోచించాలి.

నాకు అసలు మింగుడుపడనిది ప్రేక్షకుల సంగతి. ఆటగాళ్లను కన్నతల్లి దగ్గరికి కూడా వెళ్లనివ్వకుండా హోటల్ అంతస్తుల్లో ఉంచినవారే, అదే స్టేడియంలోకి మొత్తం సీట్లలో నాలుగో వంతు దాకా మనుషులను అనుమతించారు. ఆ లెక్కలో సిబ్బంది, ఆటగాళ్ల కుటుంబసభ్యులు కూడా ఉన్నారన్నది నిజమే. మైదానం పెద్దది, సీట్ల మధ్య దూరం ఉంచారు, మాస్కులు తప్పనిసరి చేశారు. అయినా ఫైనల్‌కు ఎనిమిది వేల మందికి పైగా వచ్చారు. రాష్ట్రవ్యాప్త మాస్కు ఆదేశం ఎత్తివేతకు ఇండియానా గవర్నర్ నిర్ణయించిన తేదీ ఏప్రిల్ 6, అంటే ఫైనల్ జరిగిన మర్నాడే. టికెట్ల రాబడి, నగరంలోని హోటళ్లకు వచ్చే వ్యాపారం తప్ప ఈ జనానికి ఆటపరంగా ఏ అవసరమూ లేదు. మన దగ్గర గత నెలలో అహ్మదాబాద్‌లో ఇంగ్లండ్‌తో మొదటి రెండు టీ20లకు జనాన్ని అనుమతించి, మూడో ఆట నుంచి తలుపులు మూశారు. ఈ నెల 9న మొదలైన ఐపీఎల్ ఖాళీ స్టేడియాల్లోనే సాగుతోంది. అది జీతం తీసుకునే వృత్తి క్రీడాకారుల ఆట. జీతం లేని విద్యార్థుల ఆటకు అంతకన్నా ఎక్కువ జాగ్రత్త ఉండాలా, తక్కువా?

డబ్బు సంగతి చెప్పకుండా ఈ విషయం అర్థం కాదు. కళాశాల క్రీడలను నడిపే ఎన్‌సీఏఏ అనే సంస్థ, ఈ ఒక్క టోర్నీ ప్రసార హక్కులకు 2010లో 14 ఏళ్లకు గాను 1,080 కోట్ల డాలర్ల ఒప్పందం చేసుకుంది. 2016లో మరో 880 కోట్ల డాలర్లకు దానిని 2032 దాకా పొడిగించింది. గత ఏడాది మార్చి 12న టోర్నీ రద్దు కావడంతో, సభ్య సంస్థలకు పంచవలసిన 60 కోట్ల డాలర్లకు బదులు 22.5 కోట్లే పంచగలిగింది. వరుసగా రెండో ఏడాది కూడా ఆగితే ఆ వ్యవస్థ తట్టుకోవడం కష్టమన్నది అందరికీ తెలిసిన విషయమే, అందుకే ఎలాగైనా జరపాలన్న పట్టుదల. దానిలో కపటం ఉందని నేను అనడం లేదు, ఆ నిధుల మీద ఆధారపడిన చిన్న కళాశాలలు, ఇతర క్రీడలు కూడా ఉన్నాయి. కానీ తెరమీద కనిపించి ఆ డబ్బు తెచ్చిపెట్టే విద్యార్థికి ఈ టోర్నీ నాటికి దక్కింది స్కాలర్‌షిప్ మాత్రమే. తన పేరు, తన బొమ్మ వాడుకుని సంపాదించుకునే హక్కు కూడా అప్పటికి అతనికి లేదు.

ఈ మాట బయటివారు చెబుతున్నది కాదు. టోర్నీ మొదలయ్యే సమయానికే మిషిగన్, రట్గర్స్, అయోవా ఆటగాళ్లు ముందుండి, తాము ఎన్‌సీఏఏ ఆస్తి కాదంటూ సామాజిక మాధ్యమాల్లో ఉద్యమం మొదలుపెట్టారు, ఇతర జట్లవారు గొంతు కలిపారు. సంస్థ అధ్యక్షుడితో సమావేశం కావాలన్నది వారి కోరికల్లో ఒకటి. తమ సంస్థ అధిపతితో మాట్లాడడానికి ఉద్యమం నడపవలసి వచ్చిందంటే, నిర్ణయాలు తీసుకునే బల్ల దగ్గర వారికి కుర్చీ లేదనే కదా అర్థం. సెమీఫైనల్స్‌కు ముందు, మార్చి 31న, విద్యార్థి క్రీడాకారులకు అందే చదువు సంబంధిత ప్రయోజనాలపై పరిమితి విధించే అధికారం ఎన్‌సీఏఏకు ఉందా అన్న కేసులో అమెరికా సుప్రీంకోర్టు వాదనలు విన్నది. కరోనా కారణంగా న్యాయమూర్తులు ఆ వాదనలను టెలిఫోన్‌లో విన్నారు. అదే వారం ఆ విద్యార్థులు స్టేడియంలో ఒకరినొకరు రాసుకుంటూ ఆడారు. ఈ లేఖ రాసే నాటికి తీర్పు ఇంకా రాలేదు.

టెక్సస్‌లోని శాన్ ఆంటోనియోలో జరిగిన మహిళల టోర్నీ గురించి ఒక్క మాట. పురుషులకు పెద్ద వ్యాయామశాల ఏర్పాటు చేసి, మహిళలకు ఒక చిన్న డంబెల్స్ స్టాండు, కొన్ని యోగా చాపలు పెట్టారు. ఓరెగన్ క్రీడాకారిణి సెడోనా ప్రిన్స్ తీసిన వీడియో బయటికి రాగానే, రెండు రోజుల్లోనే పరికరాలు వచ్చాయి. కొవిడ్ పరీక్షల్లోనూ తేడాయే, పురుషులకు ఆర్‌టీపీసీఆర్, మహిళలకు రోజువారీగా, అంత కచ్చితం కాని యాంటిజెన్. ఈ నెల 4న స్టాన్‌ఫర్డ్, అరిజోనాను 54-53తో ఓడించిన ఆ ఫైనల్ ఆటపరంగా పురుషుల దానికన్నా ఉత్కంఠగా సాగింది. అది మన పత్రికల్లో ఎక్కడా నాకు కనిపించలేదు.

ఎన్‌సీఏఏ చేసిన మంచిని కూడా చెప్పాలి. గత ఆగస్టులోనే అది సభ్య కళాశాలలకు కొన్ని షరతులు పెట్టింది. భయపడి ఆడనన్న విద్యార్థి స్కాలర్‌షిప్ పోకూడదు, కరోనా వైద్యం ఖర్చు విద్యార్థి నెత్తిన పడకూడదు, రోగం వస్తే కళాశాలది బాధ్యత కాదంటూ ముందే సంతకం పెట్టించుకోకూడదు. పైగా బాస్కెట్‌బాల్ వంటి శీతాకాలపు క్రీడలవారికి ఈ సీజన్‌ను, కళాశాల తరఫున ఆడగలిగే అర్హత సంవత్సరాల లెక్కలో కలపకుండా, అదనంగా ఒక ఏడాది ఆడే అవకాశం ఇచ్చింది. ఇండియానాపొలిస్ నుంచి మనం తెచ్చుకోదగినవి ఏవైనా ఉంటే అవి ఈ షరతులే. ఖరీదైన పరికరాలు మనకు ఎలాగూ దొరకవు, ప్రేక్షకులను తెచ్చుకోవద్దు.

ఫిబ్రవరిలో మన రాష్ట్రంలో తరగతులు తెరిచినప్పుడు తల్లిదండ్రుల అంగీకార పత్రం అడిగారు. మార్చి 24 నుంచి విద్యాసంస్థలు మళ్లీ మూతపడ్డాయి. రేపు తెరిచి క్రీడా పోటీలు పెట్టే రోజున, బాధ్యతంతా ఆ పత్రం మీదే వదిలేస్తారేమోనన్నది నా భయం. కనుక విశ్వవిద్యాలయాల క్రీడా విభాగాలు పోటీల తేదీలు ప్రకటించే ముందే మూడు విషయాలు రాతపూర్వకంగా ప్రకటించాలని మీ పత్రిక ద్వారా కోరుతున్నాను. ఆడనన్న విద్యార్థికి జట్టులో చోటు, స్పోర్ట్స్ కోటా, హాజరు పోకూడదు. పోటీలో రోగం సోకితే వైద్యం ఖర్చు విశ్వవిద్యాలయమే భరించాలి. నిర్వహణ కమిటీలో ప్రతి క్రీడ నుంచి ఒక ఆటగాడు, ఒక ఆటగత్తె ఓటు హక్కుతో ఉండాలి. ఈ షరతులకు ఒప్పుకోలేని విశ్వవిద్యాలయం ఈ ఏడాది పోటీలు పెట్టకపోయినా నష్టమేమీ లేదు.

భవదీయుడు,
ఒక విశ్రాంత వ్యాయామ అధ్యాపకుడు