అసలు ఎంత తగ్గుతోందో అడుగు, అమ్మలూ

గుణుపురం,
రాయగడ జిల్లా

చిరంజీవి అమ్మలుకు నాన్న దీవెనలు.

మేమిక్కడ కులాసా. విశాఖ మధురవాడలో ఫ్లాటు మీ ఇద్దరికీ నచ్చిందని చెప్పిన దగ్గర్నుంచి మీ అమ్మ కాలు ఒకచోట నిలవడం లేదు. గృహప్రవేశానికి బరంపురం నుంచి ఎవరెవరు, పర్లాకిమిడి నుంచి ఎవరెవరు అని ఇప్పటినుంచే పేర్లు రాసుకుంటోంది. నాకూ అంతే సంతోషంగా ఉంది. కానీ ఇంటి అప్పు గురించి నువ్వు ఫోన్లో అన్న ఒక మాట నన్ను పట్టుకుని వదలడం లేదు. "ఇరవయ్యేళ్లకైతే నెలకు 43 వేలు నాన్నా, ముప్పయ్యేళ్లకైతే 38 వేలే. ముప్పయ్యే పెట్టేసుకుంటాం" అన్నావు. ఈ ఉత్తరం దాని గురించే. తీరిగ్గా చదువు. అల్లుడుగారికీ చూపించు.

నువ్వు వాట్సాప్‌లో పంపిన బ్యాంకు షీటును బస్టాండు దగ్గర జిరాక్స్ షాపులో ప్రింటు తీయించాను. నెలకో వరుస చొప్పున 360 వరుసలు. మొదటి వరుస చూశావా? కట్టేది 38,446 రూపాయలు. అందులో వడ్డీకి పోయేది 35,417. అసలుకు జమ అయ్యేది 3,029. యాభై లక్షల అప్పులో మొదటి నెల తగ్గేది మూడు వేలు!

మిల్లులో నేను రాసిన ఖాతాల్లో అసలుకు ఒక గడి, వడ్డీకి ఒక గడి ఉండేవి. రైతు ధాన్యం తోలి, బాకీలో జమ వేయించుకున్నాక "అసలు ఎంతకు దిగింది బాబూ?" అని అడిగేవాడు. తెలుగువాడైనా, ఒడియావాడైనా, కొండ దిగి వచ్చిన సవర రైతైనా ఆ ఒక్కటీ తేల్చుకోకుండా కదిలేవాడు కాదు. ఈఎంఐలో, అంటే నెలనెలా కట్టే వాయిదాలో, ఆ రెండు గడులూ ఒకే అంకెలో కలిసిపోతాయి. ప్రతి నెలా సరిగ్గా కట్టేస్తున్నాం కాబట్టి అప్పు తీరిపోతోందనే అనుకుంటాం. మొదటి ఏళ్లలో తీరేది దాదాపు వడ్డీయే.

మీ బ్యాంకు వేసిన ఎనిమిదిన్నర శాతం వడ్డీ ఎక్కువని నేననను. మనవైపు అప్పు మాట్లాడుకునేటప్పుడు నూటికి నెలకు ఎంత అని అడుగుతారు కదా, ఆ లెక్కన ఇది నూటికి డెబ్భై పైసలు. నూటికి రెండేసి, మూడేసి రూపాయల వడ్డీ కట్టి కుదేలైన కుటుంబాలు మన వీధిలోనే ఉన్నాయి. వాళ్ల ముందు ఇది చాలా చౌక. అయితే ఎంత చౌక వడ్డీ అయినా ఏళ్లు పెంచుకుంటూ పోతే ఏమవుతుందో చూడు. యాభై లక్షలు, ఎనిమిదిన్నర శాతం, ఇరవయ్యేళ్లు అయితే ఈఎంఐ 43,391. మొత్తం కట్టేది 1 కోటి 4 లక్షల 14 వేలు. అదే ముప్పయ్యేళ్లు అయితే 1 కోటి 38 లక్షల 40 వేలు. నెలకు 4,945 రూపాయలు తక్కువ కట్టే సౌకర్యానికి నువ్వు అదనంగా ఇచ్చేది 34 లక్షల పైచిలుకు. పదిహేనేళ్లకు తీసుకుంటే ఈఎంఐ 49,237 పడుతుంది, మొత్తం 88 లక్షల 63 వేలతో పోతుంది.

ఐదేళ్లు గడిచాక ఎక్కడుంటావో కూడా లెక్క వేశాను. ఎందుకంటే ఐదారేళ్లకు ఉద్యోగం మారో, పిల్లల చదువుకో ఊరు మారి ఇల్లు అమ్మేసేవాళ్లు చాలామంది ఉంటారు. ముప్పయ్యేళ్ల అప్పులో ఐదేళ్లకు నువ్వు కట్టేది 23 లక్షలు. బాకీ మాత్రం ఇంకా 47 లక్షల 74 వేలుంటుంది. ఇరవయ్యేళ్ల అప్పులో కట్టేది 26 లక్షలు, బాకీ 44 లక్షల 6 వేలు. కట్టింది మూడు లక్షలే ఎక్కువ, బాకీ మూడున్నర లక్షలకు పైగా తక్కువ. అసలు సగానికి దిగడానికి ఇరవయ్యేళ్ల అప్పుకు దాదాపు 14 ఏళ్లు పడుతుంది. ముప్పయ్యేళ్ల అప్పుకు 22 ఏళ్లు దాటి ఎనిమిది నెలలు పడుతుంది. అప్పటికి నీకు యాభై నాలుగేళ్లు, సగం బాకీ అలాగే ఉంటుంది తల్లీ. నాకు నిద్ర పట్టనిది ఈ అంకె చూశాకే.

ఇంకొకటి. ఈ ఎనిమిదిన్నర ముప్పయ్యేళ్లూ ఎనిమిదిన్నరగానే ఉండదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్, అంటే రేటు మారుతూ ఉండే, ఇంటి అప్పుల వడ్డీని రెపో రేటు లాంటి బయటి రేటుకు ముడివేయాలి. రెపో అంటే బ్యాంకులకు రిజర్వు బ్యాంకు అప్పిచ్చే రేటు. రిజర్వు బ్యాంకు 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపల రెపోను 4 శాతం నుంచి 6.5 శాతానికి పెంచింది. 2025లో మళ్లీ తగ్గిస్తూ వచ్చింది. బరంపురంలో మీ చిన్న మామయ్య 2021లో 30 లక్షలు తీసుకున్నాడు, ఏడు శాతానికి, ఇరవయ్యేళ్లకు. ఈఎంఐ 23,259. రేటు తొమ్మిదిన్నరకు ఎక్కాక ఒకరోజు స్టేట్‌మెంట్ పట్టుకుని మనింటికి వచ్చాడు. నెలకు వడ్డీయే 22,900 దాకా ఉంది. ఈఎంఐలో అసలుకు నాలుగు వందలు కూడా పోవడం లేదు. ఆ రేటు అలాగే ఉంటే, పాత ఈఎంఐతో ఆ అప్పు తీరడానికి ఇంకా నలభై మూడేళ్లు పడుతుంది! ఈఎంఐ మారలేదు కదా అని మామయ్య నెలల తరబడి నిశ్చింతగా ఉన్నాడు. గడువు పెరిగిన సంగతి ఎవరూ పిలిచి చెప్పలేదు. అనుకున్న గడువులోనే తీరాలంటే నెలకు 27,700 దాకా కట్టాలని లెక్క తేలాక, మీ అత్త చీటీ పాట ఎత్తి కొంత ఒకేసారి కట్టారు.

నీ అప్పుకు కూడా ఇదే పరీక్ష పెట్టి చూశాను. రేటు ఒక్క శాతం పెరిగి తొమ్మిదిన్నర అయితే ఇరవయ్యేళ్ల అప్పు అదే ఈఎంఐతో 25 ఏళ్ల 9 నెలలకు సాగుతుంది. ముప్పయ్యేళ్ల అప్పు అయితే అసలు సాగనే సాగదు. యాభై లక్షలకు తొమ్మిదిన్నర చొప్పున నెల వడ్డీ 39,583, నీ ఈఎంఐ 38,446. కట్టే డబ్బు వడ్డీకే చాలదు. అప్పుడు బ్యాంకు ఈఎంఐ పెంచక తప్పదు. తక్కువ ఈఎంఐ అని ఎంచుకున్నదే నిలవదన్నమాట. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంత కొంతా అని నిన్ను అడగాలని రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో ఆదేశించింది. అడిగితే గడువు ముట్టుకోవద్దని చెప్పు. అడగకపోయినా బ్రాంచికి వెళ్లి రాసిచ్చి రా.

నువ్వేమంటావో నాకు తెలుసు. ముప్పయ్యేళ్ల తర్వాత రూపాయికి ఈ విలువ ఉండదు, జీతాలు పెరుగుతాయి, మిగిలిన ఐదు వేలు సిప్‌లో, అదే నెలనెలా మ్యూచువల్ ఫండులో, వేస్తే ఎక్కువ వస్తుంది అంటావు. మొదటి రెండూ నిజమే. జీతం పెరిగేదే నిజమైతే ఈఎంఐని కూడా దానితోపాటు పెంచుకోవచ్చు కదా. ఇక ఆ ఐదు వేలు ప్రతి నెలా, మార్కెట్ పడిపోయిన నెలల్లో కూడా ఆపకుండా వేస్తామని మీ ఇద్దరూ మాటిస్తే నేను కాదనను. కానీ కారు మార్చాలనిపించినప్పుడు ముందుగా ఆగేది ఆ సిప్పే. వడ్డీ మాత్రం ఒక్క నెల కూడా ఆగదు.

ఇప్పుడు నేను అనుకున్నది చెబుతాను. రిటైరయ్యాక పోస్టాఫీసులో వేసిన డబ్బులో ఐదు లక్షలు నీకు ఇస్తాను. దాని మీద నాకు వచ్చే వడ్డీ నువ్వు బ్యాంకుకు కట్టబోయే వడ్డీ కన్నా తక్కువ. అక్కడ ఉంచి నేను తక్కువ తినడం, ఇక్కడ నువ్వు ఎక్కువ కట్టడం ఎందుకు? తమ్ముడితో మాట్లాడాను. "అక్కకే ఇవ్వండి నాన్నా" అన్నాడు. వాడి వంతు వాడికి వేరే ఉంది కాబట్టి ఆ మొహమాటం పెట్టుకోకు. నా మందులకు, మా ఇద్దరి ఖర్చుకు సరిపడా పక్కన పెట్టాకే ఈ మాట అంటున్నాను.

ఆ ఐదు లక్షలతో అప్పు 45 లక్షలకు దిగుతుంది. 45 లక్షలకు ఇరవయ్యేళ్ల ఈఎంఐ 39,052. నువ్వు కట్టగలనన్న ముప్పయ్యేళ్ల ఈఎంఐ 38,446. తేడా నెలకు 606 రూపాయలు. మొత్తం కట్టేది 93 లక్షల 72 వేలు. నా ఐదు లక్షలు పక్కన పెట్టి చూసినా, నువ్వు ముందు అనుకున్న దారి కన్నా 39 లక్షలకు పైగా మీ ఇంట్లోనే ఉంటుంది, పదేళ్ల ముందే పత్రాలు చేతికొస్తాయి.

ఆ తర్వాత చేయాల్సింది కూడా ఉంది. ఫ్లోటింగ్ రేటు ఇంటి అప్పును ముందుగా కట్టేస్తే వ్యక్తుల దగ్గర బ్యాంకులు జరిమానా వసూలు చేయకూడదు. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కట్టినా, బోనస్ వచ్చినప్పుడు అనుకో, ఇరవయ్యేళ్ల అప్పు మూడేళ్లకు పైగా ముందే తీరుతుంది. ఏటా ఈఎంఐని ఐదు శాతం చొప్పున పెంచుకుంటూ పోతే రేటు ఇలాగే ఉన్నంతవరకు పన్నెండు, పన్నెండున్నర ఏళ్లలో అయిపోతుంది. అదనంగా కట్టిన ప్రతిసారీ ఈఎంఐ తగ్గించవద్దు, గడువు తగ్గించండి అని రాతపూర్వకంగా అడుగు. చాలామంది దగ్గర ఈ ఒక్కటే తేడా చేస్తుంది.

పైఖర్చులు మర్చిపోకు. ఫ్లాటు 62 లక్షల 50 వేలు, బ్యాంకు ఇచ్చేది అందులో 80 శాతమే. ఆంధ్రలో స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ కలిపి ఏడున్నర శాతం. అంటే 4 లక్షల 69 వేల దాకా మీ చేతి నుంచే. ఇంకా కడుతున్న ఫ్లాటైతే ఐదు శాతం జీఎస్టీ కూడా. పైగా లోను శాంక్షన్ చేసేటప్పుడు బీమా పాలసీ ఒకటి ముందు పెడతారు, ఆ ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తామంటారు. లక్షన్నర ప్రీమియం కలిపితే ఇరవయ్యేళ్లలో దానికి కట్టేది 3 లక్షల 12 వేలు. బీమా తప్పకుండా ఉండాలి, మీ ఇద్దరిలో ఎవరికేమైనా అయితే రెండో మనిషి నెత్తిన అప్పు పడకూడదు. కానీ విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకోండి. వాళ్లు చూపించిన కంపెనీ దగ్గరే తీసుకోవాలన్న నిబంధన ఏదీ లేదు.

ఇన్‌కమ్‌టాక్స్ కలిసొస్తుంది అని అల్లుడుగారు అన్నారట. పాత పద్ధతిలో ఉన్నవాళ్లకు సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద ఏడాదికి రెండు లక్షల దాకా మినహాయింపు ఉంది. కొత్త పద్ధతిలో అది లేదు. మీరిద్దరూ ఏ పద్ధతిలో ఉన్నారో చూసుకున్నాకే ఆ లెక్క కలుపుకోండి.

మీ దగ్గరున్న పొదుపంతా డౌన్‌పేమెంటులో పోసేయకండి. ఆరు నెలల ఈఎంఐకి, ఇంటి ఖర్చుకు సరిపడా ఖాతాలో కదలకుండా ఉండాలి. ఐటీ ఉద్యోగాల సంగతి నాకన్నా నీకే బాగా తెలుసు.

సంతకాల ముందు బ్యాంకువాళ్లు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఇవ్వాలి, 2024 అక్టోబరు నుంచి అది తప్పనిసరి. ప్రాసెసింగ్ ఫీజు వగైరా కలుపుకుని ఏడాదికి నిజంగా పడే వడ్డీ శాతం అందులో ఉంటుంది. అది రాగానే ఫొటో తీసి నాకు పంపించు, 45 లక్షలకు, ఇరవయ్యేళ్లకు వేసిన షీటు కూడా. చూసి చెప్పేదాకా సంతకం పెట్టకు.

సోమవారం పోస్టాఫీసుకు వెళ్తున్నాను. నీ ఖాతా నంబరు, ఐఎఫ్‌ఎస్‌సీ కోడు అల్లుడుగారిని మెసేజ్ పెట్టమను. డబ్బు బ్యాంకు ద్వారానే వేస్తాను. తండ్రి కూతురికి ఇచ్చేదాని మీద పన్ను ఏమీ ఉండదు. రథయాత్రకు ఇద్దరూ రండి, గుణుపురం పాసింజరులో కూర్చుంటే నేరుగా ఇంటికే. మీ అమ్మ ఆవకాయ జాడీ ఒకటి నీ పేరున విడిగా కట్టి ఉంచింది.

ఇట్లు,
మీ నాన్న