ఆంథొనీ క్లేర్ గురించి

అందరికీ నమస్తే. రేడియో ఇంటర్వ్యూలంటే ఇష్టపడేవాళ్ళు మన గ్రూపులో ఉన్నారు కాబట్టి ఈ ఐరిష్ డాక్టరు గురించి రాస్తున్నాను.

క్లేర్ 1942లో డబ్లిన్‌లో పుట్టారు. అక్కడే వైద్యం చదివి, లండన్ మాడ్స్‌లీ ఆసుపత్రిలో సైకియాట్రిస్టుగా శిక్షణ పొందారు. 1982లో బీబీసీ రేడియో 4లో 'ఇన్ ద సైకియాట్రిస్ట్స్ చెయిర్' మొదలుపెట్టారు. పేరున్న మనుషుల్ని కూర్చోబెట్టి వాళ్ళ బాల్యం, తల్లిదండ్రులు, భయాల గురించి మెత్తగా అడిగేవారు. జవాబు దాటేస్తే మాత్రం వదిలేవారు కాదు, అదే ప్రశ్న ఇంకో వైపు నుంచి వచ్చేది. నాకు ఆయనలో బాగా నచ్చేది ఆ ఓపికే.

1991లో బీబీసీ టీవీ, రేడియో వ్యాఖ్యాత జిమ్మీ శావిల్‌తో మాట్లాడారు. అప్పటికి శావిల్ అంటే బ్రిటన్‌లో దానధర్మాలకు పెట్టింది పేరు. క్లేర్‌కు మాత్రం ఆ మనిషిలో ఒళ్ళు జలదరించేదేదో కనిపించింది, ఆ మాట రాశారు కూడా. శావిల్ పిల్లలపై చేసిన ఘోరాలు 2012లో గానీ లోకానికి తెలియలేదు.

1989లోనే డబ్లిన్ తిరిగి వెళ్ళి, రచయిత జొనాథన్ స్విఫ్ట్ వీలునామా సొమ్ముతో వెలిసిన సెయింట్ పాట్రిక్స్ మానసిక వైద్యశాలకు మెడికల్ డైరెక్టరయ్యారు. రేడియో కార్యక్రమం 2001 దాకా నడిచింది. 2007లో పారిస్‌లో హఠాత్తుగా చనిపోయారు.

ఆ ఇంటర్వ్యూలు ఎవరైనా విని ఉంటే, ఏది ముందు వినాలో ఇక్కడ చెప్పండి.