మా ఫిల్మ్ సొసైటీ వార్షిక నివేదిక: బడి మీద ఒక ఏడాది

సభ్యులందరికీ నమస్కారం.

రెండో ప్రపంచ యుద్ధం తర్వాత బడి పిల్లల మీద వచ్చిన డాక్యుమెంటరీలే ఈ ఏడాదంతా చూద్దామని నిరుడు సర్వసభ్య సమావేశంలో అనుకున్నాం. అనుకున్నట్టే చేశాం.

జపాన్‌తో మొదలుపెట్టాం. అక్కడ తొమ్మిదేళ్ల నిర్బంధ విద్య 1947లో వచ్చింది. 1954లో సుసుము హని 'తరగతి గదిలో పిల్లలు' తీశారు. టీచర్ల కోసం విద్యాశాఖ తీయించిన చిన్న సినిమా అది. ఆయన కెమెరాను దాచలేదు. అందరికీ కనపడేలా గదిలోనే పెట్టి, పిల్లలకు దాని మీద మోజు తీరేదాకా ఓపిక పట్టారు. అందుకే పాఠం వినే మొహాలూ, వినని మొహాలూ ఉన్నవి ఉన్నట్టు దొరికాయి.

రెండేళ్లకు ఆయనే తీసిన 'బొమ్మలు వేసే పిల్లలు'లో పిల్లలు నలుపు తెలుపుల్లో ఉంటారు, వాళ్లు వేసిన బొమ్మలు మాత్రం రంగుల్లో! మొదటి రంగు బొమ్మ రాగానే, వెనక కూర్చున్న రిటైర్డ్ డ్రాయింగ్ మాస్టారు లేచి ముందు వరుసలోకి వచ్చేశారు. నాకు ఈ ఏడాదంతటికీ గుర్తుండేది అదే.

తర్వాత తూర్పు జర్మనీలోని గోల్జో గ్రామం. 1961లో, బెర్లిన్ గోడ లేచిన కొద్దిరోజులకే, అక్కడ ఒకటో తరగతిలో చేరిన పిల్లలను విన్‌ఫ్రీడ్ యుంగె తీయడం మొదలుపెట్టారు. ఆ పని 2007 దాకా సాగింది. మధ్యలో ఆ దేశమే లేకుండా పోయింది. మేం మొదటి భాగమే వేయగలిగాం.

ఇవి చూశాక ఊరుకోలేక, మన ఊరి ప్రభుత్వ బడిలో మూడో తరగతిని మనమే తీశాం. తల్లిదండ్రుల సంతకాలు ముందే తీసుకున్నాం. మొదటి రెండు రోజులూ అందరూ లెన్స్‌లోకి చూసి నవ్వడమే. నాకు చాలా టెన్షన్ పట్టుకుంది. నాలుగో రోజు ఎక్కాల దగ్గర ఒక పాప పలక మీద రాసింది మోచేత్తో తుడిచి, మళ్లీ రాసి, పక్క పిల్లాడికి కనపడకుండా చెయ్యి అడ్డం పెట్టుకుంది. కెమెరా ఉందన్న సంగతే మరిచిపోయింది. అయితే ఫ్యాన్ చప్పుడుకు ఆ రోజు సౌండ్ అంతా పాడైంది. ఆ తప్పు నాదే, మైకు సరిగ్గా దాని కింద పెట్టాను.

జమాఖర్చులు కోశాధికారి గారు విడిగా చదువుతారు.

జూన్‌లో బడి తెరవగానే అదే పిల్లలను నాలుగో తరగతిలో తీయడానికి హెడ్మాస్టరు గారు ఒప్పుకున్నారు. కాలర్ మైకులు రెండు కావాలి. ఇవ్వగలిగిన సభ్యులు సమావేశం అయ్యాక నాతో చెప్పండి.

ఇట్లు,
కార్యదర్శి