ట్రాక్టర్ ఇంటికొచ్చింది, అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు

నాన్నగారి ట్రాక్టర్, ట్రక్కుతో సహా, కోర్టు ఆర్డరు మీద నిన్న సాయంత్రం ఇంటికి వచ్చిందండి. ఫోన్ చేసి అడుగుతున్న వాళ్లందరికీ విడివిడిగా చెప్పలేకపోతున్నాను, అందుకే ఇక్కడ రాస్తున్నాను.

తెలియని వాళ్ల కోసం: మాది గోదావరి పాయ గౌతమి గట్టు పక్క ఊరు. ఊళ్లో ఒకరి ఇంటి పునాదికి నాన్నగారు కిరాయికి ఇసుక తెస్తున్నారు. రీచ్‌లో, అంటే ఇసుక తవ్వి ఇచ్చే చోట, ఇచ్చిన రవాణా స్లిప్ ఉంది, కానీ దారిలో టైరు పంక్చరై దాని మీద ఉన్న టైం దాటిపోయింది. రాత్రి తనిఖీలో ఆపి, అక్రమ ఇసుక అన్న అనుమానంతో బండి సీజ్ చేశారు. నాన్నగారు పంక్చరు సంగతి ఎంత చెప్పినా ఎవరూ వినిపించుకోలేదు. తనిఖీలు వద్దని మేమెవరం అనం. 1986 ఆగస్టు వరద చూసిన ఊళ్లు ఇవి, గట్ల దగ్గర ఇష్టమొచ్చినట్టు తవ్వితే ముందు మునిగేది మేమే. కానీ స్లిప్ చూసి, రీచ్‌కి ఒక్క ఫోన్ కొట్టి ఉంటే సరిపోయేదని ఇప్పటికీ బాధగానే ఉంది.

అది సరిగ్గా దాళ్వాకి, అంటే రబీ వరికి, దమ్ము చేసే టైం. ట్రాక్టర్ మీద నెలనెలా కంతు కట్టాలి, నారు ముదిరిపోతోంది, ఇంట్లో ఎవరికీ అన్నం సయించలేదు. రకరకాల సలహాలు వచ్చాయి. ఎవరినో పట్టుకుని ఎంతో కొంత ఇచ్చేసి తెచ్చుకోమన్న వాళ్లే ఎక్కువ. నాన్నగారు కూడా విసిగిపోయి దానికే సిద్ధపడ్డారు.

అప్పుడు ఆపింది మా ఊరి మాస్టారు. రిటైరై చాలా కాలమైంది, మోకాళ్ల నొప్పులతో మెట్లు ఎక్కలేరు, అయినా నాన్నగారిని బండి ఎక్కించుకుని స్వయంగా లాయరు గారి దగ్గరికి తీసుకెళ్లారు. మాస్టారూ, మీరు ఆ రోజు రాకపోతే ఈ పోస్టు లేదు. మీకు పాదాభివందనం.

లాయరు గారు ముందు స్లిప్, ఆర్‌సీ, ఇన్సూరెన్సు, పంక్చరు షాపు వాడి చీటీ, అన్నీ ఒక్కొక్కటిగా చూశారు. ఆ తర్వాత మాకు అర్థమయ్యేలా చెప్పారు. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం ప్రకారం అనుమతి లేని ఇసుక రవాణాకి ఐదేళ్ల వరకు జైలు పడొచ్చు, 21వ సెక్షన్ కింద అధికారం ఉన్న అధికారి బండిని ఆపి సీజ్ కూడా చేయొచ్చు. కానీ ఆ బండిని శాశ్వతంగా ప్రభుత్వపరం చేయాలంటే మాత్రం అది కోర్టు ఆర్డరుతోనే జరగాలి. ఈ ఒక్క మాటతో నాన్నగారికి సగం టెన్షన్ పోయింది. అదే చట్టంలో 23ఎ కింద జరిమానా కట్టి రాజీ చేసుకునే దారి కూడా ఉందట, అది చట్టబద్ధమైనదే, కానీ చేతిలో స్లిప్ ఉన్నప్పుడు తొందరపడి తప్పు ఒప్పుకోనక్కర్లేదు, ఆలోచించుకోండి అన్నారు. మేము కోర్టుకే వెళ్దాం అనుకున్నాం.

మధ్యంతర కస్టడీ కోసం, అంటే కేసు తేలేలోగా బండి మా దగ్గర ఉంచుకోవడానికి, పిటిషన్ వేశారు. దీనికి ఇంతకు ముందు సీఆర్‌పీసీలో (పాత క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) 451, 457 సెక్షన్లు ఉండేవి, దాని బదులు 2024 జులై 1 నుంచి వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) అవి 497, 503 అయ్యాయి. సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో 2002లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు కూడా జతచేశారు. సీజ్ చేసిన బళ్లని స్టేషన్ల దగ్గర ఏళ్ల తరబడి ఉంచడం వల్ల ప్రయోజనం లేదు, ఫొటోలు, పంచనామా, తగిన బాండు తీసుకుని ఇచ్చేయొచ్చు అని అందులో ఉంది. ఎండకీ వానకీ తుప్పు పట్టిపోయే బళ్లని అందరం చూస్తూనే ఉంటాం కదా, మన గురించి కూడా అంత పెద్ద కోర్టు ఆలోచించిందంటే నాకు ఏడుపొచ్చింది.

కోర్టు షరతులతో ఇచ్చింది. బండి అమ్మకూడదు, రంగు గానీ ఇంజను గానీ మార్చకూడదు, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలి, పూచీకత్తు ఇవ్వాలి. పూచీకి పెద్దమావయ్య అడగకముందే తన పొలం కాగితాలు పట్టుకుని వచ్చేశారు. మావయ్యా, అత్తయ్య కూడా ఒక్క మాట అనకుండా పంపించింది, ఇద్దరికీ రుణపడి ఉంటాం. ఆర్‌సీ మీద ఫైనాన్స్ ఉంది కాబట్టి వాళ్ల దగ్గర నుంచి లెటరు కావాల్సి వస్తే, అక్కడి ఆఫీసు కుర్రాడు సెలవు రోజు కూడా వచ్చి ఇచ్చాడు.

పక్క చేను అన్నయ్య తన దమ్ము ఆపుకుని ముందు మా చేను తొక్కించాడు, డీజిల్ డబ్బులు తప్ప పైసా తీసుకోలేదు. వదిన ఊడ్పులకి మనుషుల్ని కూడా తనే మాట్లాడింది. మా డ్రైవరు అన్న, అనవసరంగా తన పేరు కేసులోకి వచ్చినా, ఎవరెన్ని చెప్పినా ఒకే మాట మీద నిలబడ్డాడు. లాయరు గారు ఫీజు సంగతి ఎత్తితే, పంట చేతికొచ్చాక చూద్దాంలెండి అన్నారు.

కేసు ఇంకా నడుస్తోంది. వచ్చింది మధ్యంతర ఆర్డరే, వాయిదాలకి వెళ్లాలి, స్లిప్ నిజమైనదని తేలాలి. ఏం జరిగినా ఇక్కడే చెప్తాను.

ఎవరి బండికైనా ఇలాంటి ఇబ్బంది వస్తే ముందు స్లిప్పు, ఆర్‌సీ ఫొటోలు తీసి దాచుకోండి, సీజ్ చేసినట్టు రాసిన కాగితం కాపీ అడిగి తీసుకోండి, డబ్బుల బేరం జోలికి పోకండి. మా పిటిషన్ ఎలా రాశారో చూడాలంటే మెసేజ్ పెట్టండి, కాపీ పంపిస్తాను.