లీగ్ మూతపడింది, అరీనాల అప్పు ఊళ్లకు మిగిలింది

ఎడిటర్ గారికి,

టెక్సాస్‌లోని ఆలెన్, ఫ్రిస్కో, ప్లేనో ఊళ్లలో తెలుగు కుటుంబాలు ఇప్పుడు చాలానే ఉన్నాయి. ఇళ్లు కొనుక్కున్నాం, ఏటా ప్రాపర్టీ ట్యాక్స్ కడుతున్నాం. కానీ ప్రజల డబ్బుతో ఆటల అరీనాలు, అంటే ఇండోర్ స్టేడియాలు, కట్టే ప్రతిపాదన సిటీ కౌన్సిల్ ముందుకు వస్తే మనవాళ్లు పెద్దగా పట్టించుకోవడం లేదు. అందుకే ఈ చుట్టుపక్కలే పుట్టి మూతపడిన ఒక చిన్న ఐస్ హాకీ లీగ్ కథను మీ పాఠకుల ముందు పెట్టాలని ఇది రాస్తున్నాను.

దాని పేరు సెంట్రల్ హాకీ లీగ్. 1984లో ఆగిపోయిన అదే పేరుగల పాత లీగ్ వేరు. ఇది 1992లో రే మిరాన్, బిల్ లెవిన్స్ అనే ఇద్దరు ఆరు జట్లతో మొదలుపెట్టినది. ఓక్లహామా సిటీ, తల్సా, విచిటా, మెంఫిస్, డాలస్, ఫోర్ట్ వర్త్ మొదటి ఊళ్లు. ఐస్ హాకీ అంటే కెనడా వాళ్ల ఆట అనుకునే చోట కూడా జనం టికెట్ కొని వచ్చారు. ఓక్లహామా సిటీ బ్లేజర్స్‌కైతే ఏళ్ల తరబడి లీగ్‌లో అందరికంటే ఎక్కువ జనం వచ్చేవాళ్లు. 1996లో దీనికి పోటీగా వెస్టర్న్ ప్రొఫెషనల్ హాకీ లీగ్ వచ్చింది. ఆస్టిన్, వేకో, బెల్టన్ లాంటి ఊళ్లలో పశువుల ప్రదర్శనలు, రోడియోలు (కౌబాయ్‌ల పోటీలు) జరిగే హాళ్లలో ఐస్ వేసి ఆడించారు. ఈ పోటీ లీగ్‌లో ఆరు జట్లు మూడు నాలుగేళ్లలో పద్దెనిమిది దాకా పెరిగాయి. అంత వేగం తట్టుకోవడం ఎవరి తరమూ కాదు. ప్రయాణాల ఖర్చు చూస్తే, ఎల్ పాసో నుంచి ష్రీవ్‌పోర్ట్‌కు ఆటకు వెళ్లాలంటేనే ఎనిమిది వందల మైళ్ల పైమాట. చిన్న లీగ్‌లకు చెప్పుకోదగ్గ టీవీ ఆదాయం ఉండదు, టికెట్ డబ్బుల మీదే బతకాలి. 2001లో రెండు లీగ్‌లూ కలిసిపోయాయి.

నన్ను బాధపెట్టేది ఆ తర్వాతి భాగం. అలా కలిసిన లీగ్‌ను నడిపిన గ్లోబల్ ఎంటర్‌టైన్‌మెంట్ కంపెనీకి అరీనాలు కట్టించడం, నిర్వహించడం కూడా వ్యాపారమే. చిన్న ఊరికి అరీనా వస్తే లీగ్‌కు ఒక జట్టు, కంపెనీకి ఒక కాంట్రాక్టు. ఊరికి మాత్రం ఏళ్ల తరబడి తీర్చాల్సిన బాండ్లు, అంటే మదుపరుల దగ్గర తెచ్చిన అప్పు. న్యూ మెక్సికోలోని రియో రాంచోలో 2006లో కొత్త అరీనా తెరిచారు, అందులో ఆడిన స్కార్పియన్స్ జట్టు 2009లోనే ఆగిపోయింది. అరిజోనాలోని ప్రెస్కాట్ వ్యాలీ జట్టు 2008లో ఛాంపియన్ అయి కూడా 2014లో మూతపడింది. మెక్సికో సరిహద్దులోని లరేడోలో అమ్మకం పన్ను డబ్బుతో అరీనా కట్టారు. అక్కడి బక్స్ జట్టు రెండుసార్లు కప్పు గెలిచింది, అయినా 2012 తర్వాత లేదు.

అన్నిటికంటే ముఖ్యమైనది వాషింగ్టన్ రాష్ట్రంలోని వెనాచీ. అక్కడ ఆడింది ఈ లీగ్ జట్టు కాదు, కానీ అరీనా కట్టించింది ఇదే కంపెనీ. 2011 డిసెంబరులో సుమారు 4.2 కోట్ల డాలర్ల అప్పు గడువులోగా చెల్లించలేకపోయారు. ఆ భారం దించుకోవడానికి స్థానికంగా అమ్మకం పన్ను పెంచుకోవాల్సి వచ్చింది. ఆదాయ అంచనాల విషయంలో మదుపరులను తప్పుదోవ పట్టించినందుకు 2013లో మదుపు మార్కెట్లను నియంత్రించే సెక్యూరిటీస్ అండ్ ఎక్స్ఛేంజ్ కమిషన్, అరీనా కోసం అప్పు తెచ్చిన అక్కడి ప్రభుత్వ సంస్థకు 20 వేల డాలర్ల జరిమానా వేసింది. బాండ్లు జారీ చేసిన స్థానిక సంస్థకు ఆ కమిషన్ డబ్బు జరిమానా వేయడం అదే మొదటిసారి.

2014 అక్టోబరులో లీగ్‌లో మిగిలిన ఏడు జట్లు ఈసీహెచ్ఎల్ అనే మరో లీగ్‌లో చేరిపోయాయి. సెంట్రల్ హాకీ లీగ్ అంతటితో ముగిసింది. ఆ ఏడింటిలో మా ఆలెన్ అమెరికన్స్ ఒకటి. పాత లీగ్ చివరి రెండు కప్పులూ, కొత్త లీగ్‌లో 2015, 2016 కప్పులూ గెలిచింది. 2009లో తెరిచిన మా సిటీ అరీనాలో ఆ జట్టు ఆట చూడటం నాకు చాలా ఇష్టం. జట్టు ఉండాలనే కోరుకుంటాను. కానీ ఆట మీద ప్రేమ వేరు, అప్పు పత్రం మీద సంతకం వేరు. జట్టు వెళ్లిపోతే బాకీ ఎవరు కడతారు? ఏడాదికి ఎన్ని రోజులు హాలు నిండుతుందని లెక్క వేశారు? ఆ లెక్క వేసినవాళ్లకు కట్టడంలో వాటా ఉందా? ఈ మూడింటికీ రాతపూర్వకంగా జవాబు వచ్చేదాకా ఏ ఊరూ బాండ్లకు ఒప్పుకోకూడదు.

టెక్సాస్‌లో బాండ్ల ఎన్నికలు, అంటే ఊరు అప్పు తేవచ్చా లేదా అని ప్రజలు ఓటు వేసేవి, ఎక్కువగా మే, నవంబరు నెలల్లో జరుగుతాయి. సిటిజన్‌షిప్ ఉన్నవాళ్లు ఓటు వేయవచ్చు. వీసాల మీద ఉన్నవాళ్లకు ఓటు లేకపోయినా పన్ను తప్పదు, కౌన్సిల్ బహిరంగ విచారణలో లేచి మాట్లాడే అవకాశం వాళ్లకూ ఉంది. సంఘాల సభలు, సినిమా తారల పర్యటనలతో పాటు ఈ బాండ్ల ప్రతిపాదనల వివరాలు కూడా మీ అమెరికా పేజీలో ముందుగానే ఇవ్వవలసిందిగా కోరుతున్నాను.

ఇట్లు,
మీ పాఠకుడు,
ఆలెన్, టెక్సాస్