రివ్యూకి వాయిదా ఎప్పుడు సార్?

కేంద్ర న్యాయశాఖ మంత్రి గారికి,

నమస్కారం. నేను జిల్లా కోర్టులో ప్రాక్టీసు చేసే లాయర్ని. ఇక్కడ మొదలైన కేసు ఢిల్లీ దాకా వెళ్లి ఓడిపోయాక, ఆ కాగితాలు పట్టుకుని క్లయింటు మళ్లీ వచ్చేది మా దగ్గరికే. తీర్పును మళ్లీ చూడమని సుప్రీంకోర్టునే అడుగుతూ రివ్యూ పిటిషన్ వేశారని చెప్పగానే ఎవరైనా అడిగే మొదటి మాట ఒక్కటే: "వాయిదా ఎప్పుడు సార్?"

వాయిదా ఉండదని చెప్పాలి. ఏళ్ల తరబడి వాయిదాలకు తిరిగిన మనిషికి ఆ మాట అర్థమయ్యేలా చెప్పడం నాకు ఇప్పటికీ చేతకావడం లేదు.

కొడుక్కి యావజ్జీవ శిక్ష పడిన ఒక పెద్దాయన మొన్న వచ్చాడు. చేతిలో గుడ్డ సంచి, సంచిలో కేసు కాగితాలు, వాటి మడతల్లో ములాఖత్ చీటీలు. "ఢిల్లీకి టికెట్ తీయించమంటారా బాబూ, ఆ రోజుకి నేను అక్కడుంటాను" అన్నాడు. వద్దన్నాను. అక్కడ మిమ్మల్నే కాదు, మన లాయర్నీ పిలవరు, జడ్జీలు కాగితాలు చదివి తేల్చేస్తారు అన్నాను. ఆయన కాసేపు నా ముఖం చూసి, "మాట్లాడకుండా వాళ్లకెట్లా తెలుస్తుంది బాబూ?" అని అడిగాడు.

ఆ ప్రశ్నే మీ ముందు పెడుతున్నాను.

రాజ్యాంగం 137వ అధికరణం సుప్రీంకోర్టుకు తన తీర్పును తానే పునఃపరిశీలించే అధికారం ఇచ్చింది. 2013 నాటి సుప్రీంకోర్టు నిబంధనల్లో 47వ ఆర్డర్ దానికి హద్దులు గీసింది. తీర్పు వచ్చిన 30 రోజుల్లో వేయాలి. వీలైనంతవరకు అదే జడ్జీల ముందుకు వెళ్లాలి. బెంచి ప్రత్యేకంగా అనుమతిస్తే తప్ప వాదనలుండవు, ఫైలు జడ్జీల మధ్యే తిరుగుతుంది, దాన్నే సర్క్యులేషన్ అంటారు. ఒకసారి కొట్టేస్తే రెండో రివ్యూ లేదు. పైగా సివిల్ కేసులో కొత్త ఆధారం దొరికిందనీ అడగవచ్చు. క్రిమినల్ కేసులో మాత్రం, నిబంధనలో రాసినదాని ప్రకారం, రికార్డు మీద కంటికి కనిపించే తప్పు ఉంటేనే. పొలం పోయినవాడికి ఉన్న దారి జైల్లో ఉన్నవాడికి లేదు.

హద్దులే వద్దని నేననడం లేదు. ఓడినవాళ్లందరూ మళ్లీ మళ్లీ వస్తే ఏ కేసూ తెమలదు. గెలిచినవాడూ అన్నేళ్లు ఎదురుచూసినవాడే కదా. కానీ వినకుండా మూసేయడం వల్ల ఏం జరగవచ్చో చెప్పే కేసు ఒకటి ఉంది.

2003లో నాసిక్ ప్రాంతంలో ఒక కుటుంబం మీద జరిగిన దోపిడీ, హత్యల కేసులో సంచార జాతికి చెందిన ఆరుగురిని పట్టుకున్నారు. హైకోర్టు వాళ్లలో ముగ్గురికి పడిన ఉరిశిక్షను యావజ్జీవంగా తగ్గించింది. 2009లో సుప్రీంకోర్టు ఆ ముగ్గురికీ మళ్లీ ఉరిశిక్ష విధించి, ఆరుగురికీ అదే ఖాయం చేసింది. 2010లో రివ్యూ కొట్టేశారు. మామూలుగా అయితే అక్కడితో సరి. అయితే 2014 సెప్టెంబర్ 2న ఐదుగురు జడ్జీల బెంచి, ఉరిశిక్ష కేసుల్లో రివ్యూని ఓపెన్ కోర్టులో, గరిష్ఠంగా అరగంట వినాలని చెప్పింది. ఆ తలుపు తెరుచుకోబట్టి వీళ్ల రివ్యూ మళ్లీ విచారణకు వచ్చింది. ప్రాణాలతో బయటపడ్డ సాక్షి మొదట్లోనే పోలీసు ఫొటోల్లో వేరే నలుగురిని గుర్తుపట్టిన సంగతి అప్పుడు లెక్కలోకి వచ్చింది. 2019 మార్చి 5న ఆరుగురినీ నిర్దోషులుగా విడిచిపెట్టి, ఒక్కొక్కరికి 5 లక్షలు ఇవ్వాలన్నారు. ఫొటోల సంగతి కొత్తగా దొరికింది కాదు, ముందునుంచీ ఉన్నదే.

2014 తీర్పులో మన కృష్ణా జిల్లా నుంచి వెళ్లిన జస్టిస్ చలమేశ్వర్ ఒక్కరే విభేదించారు. రివ్యూలో వాదనలు తప్పనిసరి కానక్కర్లేదన్నది ఆయన అభిప్రాయం. ఆయన మీద నాకు ఎంతో గౌరవం. అయినా నాసిక్ కేసు చూశాక ఈ విషయంలో ఆయనతో ఏకీభవించలేకపోతున్నాను. విన్నంత మాత్రాన అందరినీ వదిలేయాల్సిన పనీ లేదు. ఆ 2014 పిటిషన్ వేసినవారిలో ఒకడు ఎర్రకోట దాడి కేసు దోషి. అతని రివ్యూనీ ఓపెన్ కోర్టులో విన్నారు, 2022లో కొట్టేశారు.

రివ్యూ పోయాక చివరి అవకాశంగా వేసే క్యూరేటివ్ పిటిషన్ ఉందిగా అంటారు. 2002లో కోర్టే కల్పించిన ఆ దారికి సీనియర్ అడ్వొకేట్ సర్టిఫికెట్ కావాలి. గుడ్డ సంచి పెద్దాయన దాన్ని ఎక్కడినుంచి తెస్తాడు?

ఇది కోర్టు సొంత విషయమని మీరు పక్కన పెట్టడానికి లేదు. రివ్యూ అధికారమిచ్చే 137, కోర్టు తన నిబంధనలు చేసుకునే అధికారమిచ్చే 145 అధికరణాలు రెండూ పార్లమెంటు చేసే చట్టానికి లోబడే ఉన్నాయి. సుప్రీంకోర్టు నిబంధనలకు రాష్ట్రపతి ఆమోదమూ కావాలి. అందుకే మీకు రాస్తున్నాను. ఉరికి ఇచ్చిన ఆ అరగంట యావజ్జీవానికీ ఇప్పించండి. బెంచిలో కనీసం ఒక్క కొత్త జడ్జి ఉండేలా చూడండి. కొట్టేసినా ఎందుకు కొట్టేశారో ఒక్క పేరా రాయమనండి. జైల్లో ఉన్నవాడికి 30 రోజుల గడువు, తీర్పు తన భాషలో చేతికందిన రోజునుంచి లెక్కపెట్టమనండి.

మీ శాఖ నుంచి జవాబు వస్తే ఆ పెద్దాయనకు చదివి వినిపిస్తాను. ప్రతి నెలా మొదటి సోమవారం వస్తాడు.

ఇట్లు,
ఒక జిల్లా కోర్టు న్యాయవాది